నారింజ రంగు సిరా

నేను ఇంటి నుంచి పని చేసేటప్పుడు కూర్చునే కుర్చీ వెనక, గోడ మీద ఒక ఫ్రేము ఉంటుంది. మందపాటి తెల్ల కాగితం, నల్ల సిరా, ఒకే ఒక్క జపనీస్ అక్షరం. విడిగా చదివితే 'మిచి', అంటే దారి. వేరే మాట వెనక చేరితే 'దో' అవుతుంది. జూడోలో ఉన్న 'దో' ఇదే. కుంచెతో అక్షరాలు రాసే కళని వాళ్ళు 'షొదో' అంటారు, అందులో ఉన్నదీ ఇదే. ఎడమ మూల కింద ఎర్ర ముద్ర, అందులో నా పేరు. రాసింది నేనే.

ప్రాజెక్టు పని మీద ఒసాకా వెళ్ళినప్పుడు ఒక శనివారం ఖాళీ దొరికింది. రైలెక్కి క్యోటో వెళ్ళి, టూరిస్టుల కోసం నడిపే గంటన్నర వర్క్‌షాపులో కూర్చుని రాశా. నాలుగున్నర వేల యెన్లు. తిరిగొచ్చాక అమీర్‌పేటలో ఫ్రేము కట్టించా. ఇంటికొచ్చిన వాళ్ళకి, అడిగినా అడక్కపోయినా చూపించేవాణ్ణి.

ఏడెనిమిది నెలల తర్వాత ఒక వీడియో కాల్‌లో వెనక గోడని బ్లర్ చెయ్యడం మర్చిపోయా. ఒసాకా టీమ్‌లో నాతో నాలుగేళ్ళుగా పనిచేస్తున్న ఒకావిడ ఫ్రేము చూసి, మీరే రాశారా అంది. అవునన్నా. కాసేపు ఆగి, "చాలా ఉత్సాహంగా ఉంది" అంది. ఆ కాసేపు ఆగడానికి అర్థం నాకు తెలుసు. నా కోడ్ కింద ఆవిడ ఎప్పుడైనా "ఇది ఆసక్తికరంగా ఉంది" అని రాసిందంటే ఆ ఫంక్షన్ మొత్తం మళ్ళీ రాసుకోవాలని. గట్టిగా అడిగితే అప్పుడు చెప్పింది. ఆ అక్షరంలో పన్నెండు గీతలుంటాయి. లోపలి భాగానివి తొమ్మిది, అవి ముందు రాయాలి. ఎడమ పక్క నుంచి దిగి, కింద పడవలా సాగి, అక్షరాన్నంతా మోసే భాగానికి మిగతా మూడు. అవి చివర్న రాయాలి. నేను పడవ ముందు గీసేసి తర్వాత సరుకు ఎక్కించా. చోటు చాలక సరుకు కుడివైపు బయటికి వేలాడుతోంది. చదువుకున్నవాళ్ళెవరికైనా చూడగానే ఏది ముందు రాశానో తెలిసిపోతుందట. "చిన్నపిల్లలు ఇలా రాస్తారు. టీచర్ దిద్దుతారు" అంది.

తప్పు రాసినందుకు నాకేం బాధ లేదు. మొదటిసారి రాసేవాడు తప్పు కాక ఏం రాస్తాడు? కానీ ఆ రోజు క్యోటోలో సెన్సె నా భుజం పక్కనే నిలబడి ఉన్నారు. నేను పడవ ముందు గీయడం చూశారు. చూసి, చప్పట్లు కొట్టి "జోజు, జోజు!" అన్నారు. భలే భలే అన్నమాట. ఎందుకు చెప్పలేదు?

పుస్తకాన్నీ సినిమానీ సమీక్షించినట్టే వర్క్‌షాపునీ సమీక్షించొచ్చని నా నమ్మకం. దానికీ ఒక ఎత్తుగడ, ఒక నడక, ఒక ముగింపు ఉంటాయి. అది తన పాఠకుడి గురించి ఏమనుకుంటోందో దాని కట్టుబడిలోనే తెలుస్తుంది. పై ప్రశ్న పట్టుకుని నేను కొన్ని పుస్తకాలు చదివా. ఆ తర్వాత మా అమీర్‌పేట జిరాక్స్ షాపుల దగ్గరికీ, అక్కడి నుంచి ఒక్క మెట్రో స్టేషన్ దూరంలో ఉన్న పంజగుట్టకీ వెళ్ళా.

ముందు ఆ గంటన్నర సంగతి. పాత చెక్క ఇల్లు, చాప గది. ఎనిమిది మందిమి. ఒక్కొక్కరి ముందూ నల్ల ఫెల్టు గుడ్డ, దాని మీద పల్చటి కాగితం, కదలకుండా ఇనప కడ్డీ, కుంచె, రాతి పలక, సిరా కడ్డీ. పది నిమిషాలు చరిత్ర చెప్పారు. తర్వాత సిరా కడ్డీని రాతి మీద నీళ్ళతో అరగదియ్యడం, ఒక్క నిమిషం. ఫోటోల కోసం. తర్వాత అందరికీ సీసాలోంచి సిరా పోశారు. గీతని చివర్లో ఆపడం, విదిలించడం, ఊడ్చినట్టు లాగి వదలడం: తొమె, హనె, హరాయ్. ఈ మూడూ మూడు కాగితాల మీద. తర్వాత ఇరవై అక్షరాలున్న ఒక కార్డు ఇచ్చి మీకు నచ్చింది ఎంచుకోమన్నారు. ప్రేమ, కల, శాంతి, చంద్రుడు, దారి. నా పక్కనున్న ఆస్ట్రేలియా కుర్రాడు 'సమురాయ్' దొరికిందని ఎంత సంతోషపడ్డాడో. నాలుగుసార్లు సాధన, ఐదోసారి మంచి కాగితం మీద. ముద్ర. గ్రూప్ ఫోటో. టీ.

ఇందులో ఓడిపోవడానికి ఎక్కడా చోటు లేదు. మా పనిలో ఇలాంటిదొకటి ఉంది. కోడ్‌ని పరీక్షించడానికి టెస్టులు రాస్తాం. కోడ్ ఎలా ఉన్నా పాసైపోయే టెస్టు రాస్తే అన్నీ పచ్చగా కనిపిస్తాయి, మేనేజర్ సంతోషిస్తాడు, కానీ అది టెస్టు కాదు. ఆ వర్క్‌షాపు అలా పచ్చగా ఉంది. ఎనిమిది మంది, ఎనిమిది జోజులు.

సిరా సీసాల అలమరలో ఒక సీసా మాత్రం నారింజ రంగులో ఉంది. ఇదేమిటని అడిగా. సెన్సె నవ్వి, అది బుధవారం పిల్లల క్లాసుకి అన్నారు. రంగు సిరాతో పిల్లలు బొమ్మలేస్తారేమో అనుకుని వదిలేశా. దాని సంగతి కూడా ఒసాకా ఆవిడే చెప్పింది. పిల్లలు నల్ల సిరాతో రాసి తెస్తే టీచర్ ఆ నారింజ సిరాతో దాని మీదే రాస్తారు. ఇక్కడ వంగింది, ఇక్కడ ఆగాలి, ఇది ఇంత పొడుగు ఉండకూడదు. బాగా వస్తే పువ్వు లాంటి సున్నా చుడతారు. జపాన్‌లో ప్రాథమిక పాఠశాల మూడో తరగతి నుంచి కుంచె రాత ఉంటుంది కాబట్టి, ఆ దేశంలో బడికెళ్ళిన ప్రతి ఒక్కరి అక్షరాల మీదా ఎప్పుడో ఒకప్పుడు ఆ నారింజ గీతలు పడి ఉంటాయి. అదే గది, అదే మనిషి, అవే కుంచెలు. బుధవారం నారింజ సిరా ఉంటుంది, శనివారం ఉండదు.

తెలుగులో మనకి ఈ విషయం అర్థం కావడానికి పెద్ద సిద్ధాంతం అక్కర్లేదు. పిల్లలు అక్షరాలు దిద్దుతారు. పంతులుగారు తప్పులు దిద్దుతారు. రెండింటికీ ఒకటే మాట. నేర్చుకోవడమూ సరిచేయడమూ మన భాషకి వేరువేరు పనుల్లా అనిపించలేదన్నమాట. గుంట ఓనమాలు అంటే అదే కదా. ఇసకలో పెద్దవాళ్ళు గీసిన గాడిలోనే వేలు పెట్టి పదేపదే తిప్పడం. వేలు గాడి తప్పితే ఇసకే చెప్తుంది. బొట్టు దిద్దుకుంటాం, మీసం దిద్దుకుంటాం, అన్నిచోట్లా ఉన్నదాని మీద మళ్ళీ చెయ్యి పెట్టడమే. 1910లో గురజాడ కథకి 'దిద్దుబాటు' అని పేరు పెట్టినప్పుడు ఆ మాటలో ఈ బడి వాసన కూడా ఉండే ఉంటుంది. మరి టూరిస్టు వర్క్‌షాపులో జరిగేదేమిటి? నల్ల సిరా ఉంది, దిద్దడం లేదు.

మర్నాడు ఇంకో వర్క్‌షాపుకి వెళ్ళా, కిన్‌త్సుగి. పగిలిన పింగాణీని బంగారు అతుకుతో కలిపే పని. దీన్ని గురించి మన దగ్గర మోటివేషన్ స్పీకర్లు చెప్పని రోజు లేదు: పగుళ్ళే అందం, గాయాలే ఆభరణం వగైరా. అసలు పని నడిచే తీరు వేరు. ఉరుషి అనే చెట్టు పాలని పిండితో కలిపి జిగురు చేస్తారు. అది మామూలుగా ఆరదు, వెచ్చగా తేమగా ఉండే పెట్టెలో పెడితే మెల్లగా గట్టిపడుతుంది. అతికించాక ఆగాలి, సందులు పూడ్చి ఆగాలి, నునుపు చేసి, మళ్ళీ పూసి ఆగాలి. అప్పుడు బంగారప్పొడి. వారాలు, ఒక్కోసారి నెలలు. పచ్చి ఉరుషి ఒంటికి తగిలితే దద్దుర్లు కూడా. రెండు గంటల వర్క్‌షాపులో ఇదంతా కుదరదు కాబట్టి ఎపాక్సీ జిగురు, ఇత్తడి పొడి. ఆ కప్పులో టీ తాగకండి అని కూడా చెప్పారు, అది నిజాయితీ. కానీ నన్ను ఆపేసింది వేరే సంగతి. పగిలిన కప్పు వాళ్ళే ఇచ్చారు. ముందే చక్కగా నాలుగు ముక్కలు చేసి, సంచిలో పెట్టి. నా కప్పు పగల్లేదు, నాకేం పోలేదు, నేను బాగుచేసిందీ ఏం లేదు. పోగొట్టుకోకుండా ఓదార్పు కొనుక్కున్నా.

ఇలా బయటివాళ్ళు జపాన్ వెళ్ళి ఒక విద్య నేర్చుకుని వచ్చి చెప్పే కథలకి తాతలాంటి పుస్తకం ఒకటుంది. ఓయ్గెన్ హెరిగెల్ 1948లో జర్మన్‌లో అచ్చేసిన 'జెన్ ఇన్ ది ఆర్ట్ ఆఫ్ ఆర్చరీ'. ఇంజినీర్లలో చాలామందికి అభిమాన పుస్తకమైన పిర్సిగ్ మోటార్‌సైకిల్ పుస్తకం (1974) పేరు దీన్నుంచే వచ్చింది. హెరిగెల్ 1924 నుంచి 1929 దాకా సెందాయ్‌లో తత్వశాస్త్రం చెబుతూ, అవా కెన్జో అనే గురువు దగ్గర విలువిద్య నేర్చుకున్నాడు. బాణం నేను వదలడం లేదు, 'అది' వదులుతోంది అనే మాట ఈ పుస్తకం వల్లే ప్రపంచమంతా తిరిగింది. 2001లో యమదా షోజి అనే పరిశోధకుడు దీన్ని తిరగేసి చూశాడు. గురువుకి జర్మన్ రాదు, శిష్యుడికి జపనీస్ అంతంత మాత్రం, ముఖ్యమైన కొన్ని సంభాషణలప్పుడు దుబాసీ కూడా పక్కన లేడు. బాణం బాగా పడినప్పుడు గురువు బహుశా "సొరె దెషిత" అని ఉంటాడనీ, అది మెచ్చుకోలు మాత్రమేననీ, హెరిగెల్ దాన్ని వేదాంతం చేశాడనీ యమదా ఊహ. ఇది ఇంగ్లీషు వాళ్ళకి వివరించడానికి పేజీలు పడుతుంది గానీ తెలుగువాడికి అరక్షణం చాలు. మన దగ్గర ఎవరైనా సిక్సర్ కొడితే "అదీ!" అంటాం. ఆ "అదీ!"ని ఒక జర్మన్ ప్రొఫెసర్ పట్టుకెళ్ళి, ఆ 'అది' ఎవరు అని పుస్తకం రాశాడు.

నవ్వుకున్నా సరే, పుస్తకాన్ని మొత్తం కొట్టిపారెయ్యలేను. (మనిషి సంగతి వేరు, తర్వాత నాజీ పార్టీలో చేరాడు.) అందులో నాకు నిజమనిపించిన ఘట్టం ఒకటుంది. బాణం దానంతటది వదులుకునేలా చెయ్యడం ఎంతకీ రాక, హెరిగెల్ సెలవుల్లో వేళ్ళతో ఒక చిట్కా కనిపెడతాడు. మన భాషలో చెప్పాలంటే హ్యాక్. వచ్చి గురువు ముందు వేస్తాడు. గురువు ఇంకోసారి వెయ్యమంటాడు, చూస్తాడు, మాట్లాడకుండా వీపు తిప్పి కూర్చుంటాడు. ఇక నేర్పను అంటాడు. దుబాసీ వెళ్ళి బతిమాలితే గానీ మళ్ళీ రానివ్వలేదు. పుస్తకంలో జెన్ ఎంతవరకు ఉందో నాకు అనవసరం. ఆ వీపు తిప్పడం మాత్రం ఉంది. అది నారింజ సిరా.

యనగి సొయెత్సు గురించీ ఒక మాట. ఊరూపేరూ లేని పనివాళ్ళు రోజువారీ వాడకానికి చేసిన వస్తువుల్లోనే అసలైన అందం ఉందని వాదించి, వాటికి 'మింగెయ్' అని పేరు పెట్టి, 1936లో టోక్యోలో మ్యూజియం తెరిచినవాడు. ఆయన వ్యాసాలు బెర్నార్డ్ లీచ్ చేతుల మీదుగా 1972లో 'ది అన్‌నోన్ క్రాఫ్ట్స్‌మన్' పేరుతో ఇంగ్లీషులో వచ్చాయి. నాకు ఇష్టమైన పుస్తకమే. కానీ చదువుతుంటే ఒక్కటి గుచ్చుకుంటూనే ఉంటుంది. అనామకుడి గొప్పతనం చెప్పేవాడికి పేరు ఉంది, ఆ అనామకుడికి లేదు. కుండలు చేసినవాడు తన కుండ గురించి ఏమనుకున్నాడో ఆ పుస్తకంలో దాదాపు వినపడదు.

అనామక పనివాడు అనే మాట చదివినప్పుడు నాకు గుర్తొచ్చింది మాత్రం మైత్రీవనం. అమీర్‌పేటలో కోచింగ్ తీసుకున్నవాళ్ళకి చెప్పక్కర్లేదు, మిగతావాళ్ళకి చెప్తా. ఇన్‌స్టిట్యూట్‌లో ఫ్యాకల్టీ చెప్తుంటే, మూడొందల మంది మధ్యలో ఒళ్ళో లాంగ్‌బుక్ పెట్టుకుని రాసుకునేదాన్ని రన్నింగ్ నోట్స్ అంటారు. బ్యాచ్‌లో ఎవరి చేతిరాత బాగుంటే వాళ్ళ నోట్స్ జిరాక్స్ షాపుకి చేరుతుంది. అక్కడి నుంచి స్పైరల్ బైండింగ్ చేసి, కోర్ జావా, అడ్వాన్స్‌డ్ జావా, ఒరాకిల్ అని పేర్లు రాసి, వరుసగా పేర్చి అమ్ముతారు. ప్రపంచంలో ఎన్ని సర్వర్ల వెనక ఆ చేతిరాత ఉందో. ఒక మాట ఒకరు చెప్పగా వందలమంది రాసుకుని, ఒక ప్రతి నుంచి ఇంకో ప్రతి పుట్టే ఈ పద్ధతికి తాళపత్రాల కాలంలో లేఖకుడి పనికీ నాకైతే పెద్ద తేడా కనపడదు. ఆ రాసినవాళ్ళ పేరు ఎక్కడా ఉండదు. ఉంటే గింటే మొదటి పేజీలో దేవుడి పేరుంటుంది.

2011లో నా నోట్స్ కూడా అలా ఒక షాపుకి వెళ్ళింది. నా చేతిరాత బాగుంటుందని అప్పట్లో ఒక పేరు. షాపతను మూడొందలు, ఒరాకిల్ మెటీరియల్ ఒకటి ఫ్రీగా ఇచ్చాడు. అందులో ఒక చోట తప్పు రాశా. రెండు స్ట్రింగ్‌లు ఒకటేనా అని చూడ్డానికి రెండు సమాన గుర్తులు పెడితే చాలని. అది తప్పు, జావాలో అలా పెడితే లోపలున్న అక్షరాల్ని కాదు, వాటి చిరునామాల్ని పోలుస్తుంది. 'ఈక్వల్స్' వాడాలి. ఐదేళ్ళ తర్వాత మా టీమ్‌లో చేరిన ఒకబ్బాయి డెస్కు మీద పాత స్పైరల్ బుక్ కనపడితే తిరగేశా. నా 'క' వత్తులు, నా బాణం గుర్తులు. ఆ పేజీ వెతికా. నా తప్పు అలాగే ఉంది. కానీ దాని పక్కన మార్జిన్‌లో వేరే ఎవరిదో కోడి గీకినట్టున్న రాత: "రాంగ్, ఈక్వల్స్ వాడాలి". కింద రెండు గీతలు. అది కూడా జిరాక్స్‌లోనే వచ్చింది. అంటే ఎవరో దిద్దారు, దిద్దిన ప్రతి మళ్ళీ షాపుకి చేరింది, అక్కడి నుంచి అదే జిరాక్స్ అయింది. నేను ఎప్పుడూ చూడని మనిషి.

అప్పుడు నవ్వుకుని మర్చిపోయా. ఫ్రేము గొడవ తర్వాత ఈ సంగతి ఎంత పెద్దదో తెలిసింది. అమీర్‌పేటని వెక్కిరించడం చాలా తేలిక. నలభై ఐదు రోజుల్లో జావా, డెమో క్లాస్ ఫ్రీ. ఇప్పుడు జపనీస్ ఎన్-ఫైవ్ బోర్డులు కూడా కనిపిస్తున్నాయి. కానీ క్యోటోలో నాకు దొరికింది డెమో క్లాసు మాత్రమే. ఇక్కడ డెమో తర్వాత అసలు క్లాసు కూడా ఉంది.

పంజగుట్ట సంగతికి వస్తా. అమీర్‌పేట దాటితే తర్వాతి స్టేషనే. అక్కడ ఐవాన్-ఎ-ఉర్దూ అనే భవనం ఉంది. నిమ్స్‌కి వెళ్ళేవాళ్ళూ, షాపింగ్‌కి వెళ్ళేవాళ్ళూ దాని పక్కనుంచే పోతుంటారు, పన్నెండేళ్ళు నేను కూడా అలాగే పోయా. భాషాశాస్త్రవేత్త మొహియుద్దీన్ ఖాద్రీ జోర్ 1931లో మొదలుపెట్టిన ఇదారా-ఎ-అదబియాత్-ఎ-ఉర్దూ అనే సంస్థ ఇల్లు అది. గ్రంథాలయం, చేతిరాత ప్రతులు, చిన్న మ్యూజియం. ఏళ్ళ తరబడి అక్కడ ఖుష్‌నవీసీ, అంటే అందంగా రాసే విద్య కూడా నేర్పుతూ వచ్చారు. క్యోటో దాకా వెళ్ళి కాలిగ్రఫీకి డబ్బు కట్టిన మనిషి ఇంటి నుంచి నడిచి వెళ్ళగలిగే దూరంలో. నాకు ఉర్దూ మాట్లాడ్డం వచ్చు, హైదరాబాదీ తరహాలో. చదవడం రాదు.

అక్కడి చేతిరాత ప్రతులు చూడ్డానికి వెళ్ళిన రోజు ఒక పెద్దాయన పరిచయమయ్యారు. ఒకప్పుడు పాతబస్తీ ఛత్తా బజార్‌లో పెళ్ళి కార్డులు రాసిన కాతిబ్. బయట ఇరానీ హోటల్లో చాయ్ తాగుతూ నా ఫోన్‌లో ఫ్రేము ఫోటో చూపించా. అలవాటు పోలేదు మరి. చూసి, "క్యా లిఖా హై బేటా?" అన్నారు. దారి అని రాశానన్నా. ఉస్తాద్ ఎవరని అడిగారు. పేరు తెలీదన్నా. ఇంకేం మాట్లాడలేదు. జేబులోంచి కలం తీశారు. వెదురు లాంటి రెల్లుతో చేసింది, కొన ఏటవాలుగా కోసి ఉంది. న్యూస్‌పేపర్ అంచు చింపి నాకిచ్చి అలిఫ్ రాయమన్నారు. నిలువు గీత, అంతే కదా అని గీశా. ఆయన కలం తీసుకుని, కొన ఆనించి నా గీత పక్కన చుక్కలు పెడుతూ వెళ్ళారు. ఒకటి, రెండు, మూడు, నాలుగు, ఇంకా సగం. నస్తాలీఖ్ రాతలో అలిఫ్ మూడు చుక్కల ఎత్తు. అక్షరాలన్నిటికీ కొలత ఆ చుక్కే, కలం మారితే చుక్క మారుతుంది, చుక్కతో పాటు అక్షరం మారుతుంది. నాది అలిఫ్ కాదు, కరెంటు స్తంభం అన్నారు. నవ్వుతూనే అన్నారు. తర్వాత నా గీత మీదే తన గీత గీశారు. పైన కొంచెం సన్నగా మొదలై, మధ్యలో ఒంటి నిండా గాలి పీల్చినట్టు నిండి, కింద మళ్ళీ సన్నబడింది. చాయ్ చల్లారిపోయింది. పది అలిఫ్‌లు రాశా, పదీ కొట్టేశారు. ఎనిమిదో దానికి మాత్రం "పైసగం పర్లేదు" అన్నారు. నిజం చెప్పాలంటే ఆ సగం అలిఫ్ నాకు ఆ ఫ్రేము కన్నా ఎక్కువ సంతోషం ఇచ్చింది.

చాయ్ అయ్యాక ఆయన కంప్యూటర్లని తిడతారేమో అనుకున్నా. తిట్టలేదు. నస్తాలీఖ్‌లో మాట ఏటవాలుగా జారుతూ ఉంటుంది, అక్షరం పక్కనున్న అక్షరాన్ని బట్టి రూపం మార్చుకుంటుంది, అందుకే విడి అక్షరాలు పేర్చే అచ్చుకి అది ఎన్నేళ్ళయినా లొంగలేదు. 1981లో మీర్జా అహ్మద్ జమీల్ అనే ఖుష్‌నవీస్ దాదాపు ఇరవై వేల కలిపిరాత రూపాల్ని చేత్తో రాసి మోనోటైప్ వాళ్ళకి ఇస్తే నూరీ నస్తాలీఖ్ వచ్చింది. తర్వాత 90లలో ఇన్‌పేజ్ సాఫ్ట్‌వేర్ వచ్చాక పత్రికల్లో కాతిబ్‌ల పని పోయింది. పెళ్ళి కార్డులూ అదే దారి పట్టాయి. పెద్దాయన దాని గురించి ఒక్కటే చెప్పారు: తనని ఇంట్లో కూర్చోబెట్టింది మిషన్ కాదట, ఇంకో మంచి చెయ్యట. మనకి బాపు రాత ఫాంటు అయినట్టే. ఆ ఫాంటు ఎంచుకున్న ప్రతివాడూ బాపులా రాసేస్తాడు, బాపు చేత ఎవడూ దిద్దించుకోడు.

టూరిస్టు వర్క్‌షాపుల వైపు నుంచి కూడా చెప్పాలి. క్యోటో సెన్సె అద్దె కట్టుకోవాలి, బుధవారం పిల్లల క్లాసు బతకాలంటే శనివారం మేమంతా రావాలి. హిరోషిమా దగ్గర కుమనొలో కుంచెలు చేసేవాళ్ళకి ఆ కుంచెలు అమ్ముడుపోవాలి. గంటన్నర కోసం వచ్చినవాడిని కొట్టేస్తే వాడు ఒక్క స్టార్ ఇచ్చి పోతాడు. మేమూ తక్కువ తినలేదు. మా ఆఫీసులో ఒక శుక్రవారం టీమ్ బిల్డింగ్ పేరుతో చేర్యాల మాస్కులకి రంగులెయ్యమన్నారు. నఖాషీ పని చేసే కుటుంబం నుంచి ఒకాయన వచ్చారు. మేం వేసిన నలభై మాస్కుల్నీ చూసి ప్రతిదానికీ "బాగుందండి" అన్నారు. నాది పిల్లి అనుకున్నాడు పక్కవాడు, నేను వేసింది తాత. అప్పుడు మాకెవరికీ అనుమానం రాలేదు, ఆయనకి ఇచ్చిన చెక్కులో ఆ "బాగుందండి" ఖరీదు కూడా కలిసి ఉందని. కాబట్టి ఇది జపాన్ జబ్బు కాదు. డబ్బు కట్టినవాణ్ణి చుట్టం చేసేస్తాం, చుట్టానికి తప్పు చెప్పం. నేను అడిగేది పదేళ్ళ శిష్యరికం కాదు. గంటన్నరలో ఒక్క నారింజ గీత. ఒక్కటి పడి ఉంటే నేను ఏ దేశం వెళ్ళానో నాకు తెలిసేది.

ఇక్కడిదాకా రాసి ఆపేద్దామనుకున్నా. కానీ ఈ పత్రిక చదివేవాళ్ళకి ఇంకో సంగతి చెప్పకపోతే నేనూ శనివారం సెన్సెనే అవుతా. మన కథా వర్క్‌షాపుల్లో రెండింటికి నేను వెళ్ళా. రిసార్టు, టీ, కథ చదవడం, చుట్టూ కూర్చున్నవాళ్ళు వంతులవారీగా మాట్లాడ్డం. శిల్పం బాగుంది, మాండలికం బాగుంది, ముగింపు ఇంకొంచెం. ఆ "ఇంకొంచెం" తర్వాత ఏమిటో ఎవరూ చెప్పరు. గ్రూప్ ఫోటో. పుస్తకావిష్కరణల సంగతి ఎత్తను. సమీక్షల్లో నేను రాసినవే తిరగేసి చూసుకున్నా. మూడేళ్ళ కింద ఒక మిత్రుడి మొదటి కథల పుస్తకం మీద రాశా. అందులో ఒక కథ, తల్లి చనిపోయిన ఇంటికి కొడుకు ఆలస్యంగా రావడం, చివరి రెండు పేజీలూ మొదట్లోనే చెప్పేశాడు. పడవ ముందు గీసేశాడు. చదువుతున్నప్పుడే నాకు తెలుసు. సమీక్షలో మాత్రం ఆ కథ గురించి "ఆవేశం ఉన్న కథనం" అని రాశా. చాలా ఉత్సాహంగా ఉంది అన్నట్టు. దాన్ని వాడు ఫేస్‌బుక్‌లో పెట్టుకుంటే లైక్ కూడా కొట్టా. వాడు ఇప్పుడు రాస్తున్న కథల్లోనూ పడవలు ముందే వచ్చేస్తున్నాయి. అందులో నా వాటా ఎంత?

వాడి రెండో పుస్తకం వస్తోంది. అచ్చుకి వెళ్ళేలోపు చదివి నాలుగు మాటలు రాసివ్వరా అని పోయిన వారం పీడీఎఫ్ పంపాడు, వెనక అట్ట మీద వేసుకోవడానికి. ఫోన్‌లో రెండు కథలు చదివి ఆపేశా. నిన్న సాయంత్రం మైత్రీవనం పక్క జిరాక్స్ షాపుకి వెళ్ళి, అంచులు వెడల్పుగా వదిలి, ఒకవైపే ప్రింట్ తీయమన్నా. నూట ఎనభై నాలుగు పేజీలు. ఒకవైపే ఎందుకు సార్ కాగితం వేస్టు అన్నాడు షాపు కుర్రాడు. నారింజ రంగు పెన్ను ఉందా అని అడిగితే వెతికి వెతికి, ఎరుపే ఉంది సార్ అన్నాడు. అదే తీసుకున్నా.